దాప మూడు, ఎలప రెండు

నా వీపు మీరందరూ చూశారు. తెలుగు సినిమా అప్పుడప్పుడైనా చూసేవారైతే తప్పకుండా చూసే ఉంటారు. హీరోయిన్ అలిగి కారెక్కి, గేటును గుద్దేసి వెళ్లిపోతుంది కదా, ఆ వెళ్లిపోయేది నేను. వానలో బండి గిర్రున తిరిగి పోలీసు జీపుకు ఎదురుగా ఆగుతుంది కదా, ఆ అద్దంలోంచి మసకగా కనిపించే జడ నాది. నిజానికి జడ కూడా నాది కాదు, విగ్గు. మెడ మాత్రం నాదే. ఎనిమిదేళ్లలో ఎంతమంది హీరోయిన్లకు మెడ అరువిచ్చానో నాకే గుర్తు లేదు. ఒక్కటి మాత్రం గట్టిగా చెప్పగలను. ఆ బండ్లలో ఒక్కటి కూడా నేను అనుకోని చోట ఆగలేదు.

గొప్పలు చెప్పుకుంటున్నానని అనుకుంటే అనుకోండి. వంట రాదంటే ఒప్పుకుంటాను. పాట రాదంటే ఒప్పుకుంటాను. కోపం ఎక్కువంటే కాస్త కోపం తెచ్చుకుని మరీ ఒప్పుకుంటాను. స్టీరింగ్ దగ్గర మాత్రం నాకు వినయం లేదు, ఉండాలని కూడా అనుకోను. ఒకసారి ఒక హీరో పక్క సీట్లో కూర్చుని, "ఆడపిల్లవి కదా, నెమ్మదిగా పోనీ" అన్నాడు. సరేనని రెండు చుట్లు తిప్పి దించాను. ఆ రోజు ఆయన మధ్యాహ్నం భోజనం చేయలేదని మేకప్ వాళ్లు చెప్పారు.

ఇంత ఉన్నా మా నాయనకు నా మెడ సరిపోలేదు. మాది ములకలపల్లి దాటాక అడవి అంచున ఉన్న ఊరు. ఇంటిల్లిపాదీ ఆదివారం ఆరాధనకు వెళ్లేవాళ్లం. నాయన బాప్తిస్మం తీసుకున్న రోజున బీడీ, కల్లు, సినిమా మూడింటినీ ఒకేసారి మానేశాడు. బీడీ మధ్యలో రెండుసార్లు అంటుకుంది గానీ సినిమా హాలు గడప మాత్రం మళ్లీ తొక్కలేదు. నేను సినిమా పనిలోకి వెళ్లానంటే తిట్టలేదు. ఏ పనైనా పనే అన్నాడు. నేను నడిపిన మొదటి సినిమా వచ్చినప్పుడు కొత్తగూడెం తీసుకుపోతా రమ్మని అడిగితే, తుండుతో ముఖం తుడుచుకుంటూ ఆలోచించాడు.

"అండ్ల నీ మొకం కనబడ్తదా?"

"లేదు నాయనా. హీరోయిన్ తీరుగ నేను నడుపుత. మొకం ఆమెదే."

"మరి నేనేం జూడాల? కారునా? కార్లు మస్తు జూసిన. నీ మొకం కనబడ్డనాడు జెప్పు బిడ్డా, అప్పుడొస్త."

ఆయన తేలిగ్గానే అన్నాడు. అని పశువుల కొట్టం వైపు వెళ్లిపోయాడు. నాకు మాత్రం ఆ మాట లోపల దిగబడిపోయింది. అప్పటి నుంచి ప్రతి సినిమాకూ ఒకటే ఆశ. ఏదో ఒక షాట్‌లో, పొరపాటునైనా, నా ముఖం మిగలాలి. ఒకసారి ఒక మలుపులో హెల్మెట్ కింద నా గడ్డం కనిపించింది. ఎడిటింగ్ గదిలో చూసి పొంగిపోయాను. విడుదలయ్యాక చూస్తే దాన్ని కూడా కోసేశారు. ఆ రోజు హైదరాబాద్‌లో నా గదిలో కూర్చుని నిజంగానే ఏడ్చాను. ఒక గడ్డం కోసం ఏడ్చిన మనిషిని నేనొక్కదాన్నే అయి ఉంటాను.

అసలు సంగతికి వచ్చే ముందు నా లోపం ఒకటి చెప్పాలి. ఎడమ ఏదో కుడి ఏదో నాకు మాటల్లో తెలియదు. నవ్వకండి. నేను పుట్టుకతో పుర్రచేతి దాన్ని. "అన్నం తినే చెయ్యి కుడి చెయ్యి" అని బడిలో నేర్పారు. నేను తినేది రెండో చేత్తో. అమ్మ గరిటె కాడతో ఆ చేతి మీద ఒకటి వేసి ఇటు మార్పించేది, బడిలో ఇటు చేత్తో పలక పట్టుకుని అటు చేత్తో రాస్తుంటే సారు ఇటు దాని మీద వేసేవాడు. రెండు చేతులూ సమానంగా దెబ్బలు తిన్నాక ఏది ఏదని గుర్తుంటుంది? పంద్రాగస్టు కవాతులో అందరూ లెఫ్ట్ అంటే నేను రైట్. చివరికి నన్ను జెండా పట్టుకుని నిలబడమన్నారు, నడవక్కర్లేదని.

నాయన ఇది గమనించాడు. ఆయన అప్పటికి ఇంకా జీపు కొనలేదు. మాకు ఒక జత ఎద్దులుండేవి. నాగలికి ఎడమ పక్కన కట్టేదాన్ని దాపటెద్దు అంటారు, కుడి పక్కన కట్టేదాన్ని వలపటెద్దు అంటారు. మా ఊరి నోట అది ఎలపటెద్దు. మా దాపటెద్దు మచ్చలది, పిల్లలు తోక పట్టుకుని లాగినా ఊరుకునేది. ఎలపటిది నల్లది, దగ్గరికి పోతే కొమ్ము విసిరేది. నాయన ఒకరోజు నన్ను ఆ రెండింటి మధ్య కాడి వెనక నిలబెట్టాడు.

"గా ఎడమలు కుడులు ఇడిసిపెట్టు బిడ్డా. మచ్చలది యాడుంది?"

"గీడ."

"అది దాప. పొడిసేది యాడుంది?"

"గీడ."

"గది ఎలప. అయిపాయె. ఇంకేం గావాలె?"

అంతే. అప్పటి నుంచి దాప అంటే నాకు మెత్తని పక్క, ఎలప అంటే జాగ్రత్తగా ఉండాల్సిన పక్క. కళ్లు మూసి అడిగినా నా ఒళ్లు చెబుతుంది. తర్వాత ఎద్దుల్ని అమ్మేసి నాయన పాత జీపు కొన్నాడు. ములకలపల్లి నుంచి పాల్వంచకు జనాన్ని ఎక్కించుకుని తిప్పేవాడు. లోపల పది మంది, వెనక నలుగురు వేలాడుతూ, పైన తునికాకు కట్టలు, ఇప్పపువ్వు మూటలు, కాళ్లు కట్టేసిన కోళ్లు. ఎండాకాలం వాగు ఎండిపోయాక ఆ ఇసుకలో నాకు బండి నేర్పాడు. పక్కన కూర్చుని "దాపకు కొట్టు! ఎలపకు! ఇంకింత ఎలపకు!" అని అరిచేవాడు. ఇసుకలో నడపడం వచ్చినవాళ్లకు ఇక ఏ రోడ్డూ కొత్త కాదు. నాకు వచ్చిన విద్యంతా ఆ వాగులోదే.

లైసెన్సు పరీక్షలో ఇన్‌స్పెక్టర్ గారు "రైట్‌కు తిప్పమ్మా" అన్నారు. నేను చాలా అందంగా ఎడమకు తిప్పాను. ఫెయిల్. రెండోసారి తెలివిగా ఎడమ చేతి మీద పెన్నుతో 'ఎ' అని రాసుకుని వెళ్లాను. తీరా బండి కదిలాక చెయ్యి చూసుకుంటే, ఈ 'ఎ' ఎడమదా, ఎలపదా అని కొత్త అనుమానం పట్టుకుంది. మళ్లీ ఫెయిల్. మూడోసారి ఆయనకే విసుగొచ్చి, రివర్స్ చేసి చూపించమని సంతకం పెట్టేశారు. నేను వెనక్కి నడిపినంత తిన్నగా ఆయన ముందుకు నడపలేరని అప్పుడే నాకు అర్థమైంది.

హైదరాబాద్‌లో ఆడవాళ్లకు కారు నేర్పే ఉద్యోగం దొరికింది. లెఫ్ట్, రైట్ అనకుండా చేత్తో అద్దం మీద తట్టి, హ్యాండ్ బ్రేక్ మీద తట్టి నేర్పేదాన్ని. అది నా పద్ధతి అనుకుని మెచ్చుకునేవారు. నా దగ్గర నేర్చుకున్న ఒకావిడ భర్తకు కార్ల పందేల పిచ్చి. ఆవిడే నన్ను ఊరి బయట మట్టి ట్రాక్ మీద జరిగే పందేనికి తీసుకుపోయి, వాళ్ల పాత కారు ఒకటి చేతికిచ్చింది. నేను మొదట వచ్చాను. గడియారం తప్పు చూపించి ఉంటుందని అక్కడి మగవాళ్లు మళ్లీ నడపమన్నారు. రెండోసారి ఇంకా తొందరగా వచ్చాను. గడియారం గురించి ఇంకెవరూ మాట్లాడలేదు.

అలా ర్యాలీల్లోకి వచ్చాను. ట్రాక్ మీద తిరిగే పందెం కాదు ర్యాలీ. కొండల్లో, తోటల్లో, మట్టి దారుల్లో ఒక్కో బండిని విడివిడిగా వదులుతారు. నడిపేవాళ్ల పక్కన నావిగేటర్ కూర్చుంటుంది. దారిని ముందే ఒకసారి నెమ్మదిగా చూసుకుని, ప్రతి మలుపునూ పుస్తకంలో రాసుకుంటారు. పందెంలో నావిగేటర్ దాన్ని చదువుతూ పోతుంటే, నడిపే మనిషి కంటికి కనిపించని మలుపును చెవితో విని నడపాలి. మలుపు ఎంత గట్టిదో అంకెతో చెబుతారు. ఒకటి అంటే దాదాపు వెనక్కి తిరిగేంత, ఆరు అంటే కాస్త ఒరిగితే చాలు. నా నావిగేటర్ కోయంబత్తూరు అమ్మాయి. మొదటి ర్యాలీలో ఆమె "లెఫ్ట్ త్రీ" అంది. మేమిద్దరం ఒక కాఫీ తోటలోకి పోయాం.

చెట్ల మధ్యలోంచి బయటికి వచ్చాక ఆమె తిట్టలేదు. హెల్మెట్ తీసి, "నీ తలకాయలో ఏ మాట ఉంది, అది చెప్పు" అంది. ఎద్దుల సంగతి చెప్పాను. కడుపు పట్టుకుని నవ్వి నవ్వి మట్టిలో కూర్చుండిపోయింది. తర్వాత పుస్తకం తీసి, లెఫ్టులూ రైటులూ అన్నీ కొట్టేసి, అరవంలో దాప, ఎలప అని రాసుకుంది. ఆ తర్వాతి ర్యాలీ నుంచి మా బండిలో అవే మాటలు. "దాప మూడు, ఎలప రెండు, గుంత, దాప ఐదు!" పక్క టీములవాళ్లు ఇదేదో రహస్య భాష అనుకుని మా మెకానిక్‌ను చాటుగా అడిగేవారట. గెలిచిన కప్పులన్నీ ఇప్పుడు మా ఇంట్లో పప్పు డబ్బాల పక్కన ఉన్నాయి. ఒకదాంట్లో అమ్మ ఎండుమిర్చి పోస్తుంది.

అలాంటి ఒక ర్యాలీలోనే సినిమా ఫైట్ మాస్టర్ నన్ను చూసి పిలిపించాడు. అప్పుడు మొదలైందే ఈ మెడ ఉద్యోగం.

నిరుడు ఒక దర్శకుడు ఫోన్ చేశాడు. కోస్తా మనిషి, చాలా మర్యాదగా మాట్లాడతాడు. ర్యాలీ నడిపే అమ్మాయి కథ తీస్తున్నాననీ, హీరోయిన్ పక్కన నావిగేటర్ వేషం నన్ను వేయమనీ అడిగాడు. వేషం పెద్దదా చిన్నదా అని అడగలేదు. డబ్బు సంగతీ అడగలేదు.

"ముఖం కనబడుతుందాండీ?"

"కనబడేదే ముఖమమ్మా. మిగతాదంతా సీటు బెల్టే కదా" అని నవ్వాడు. ర్యాలీ హెల్మెట్‌కు ముందు భాగం తెరిచే ఉంటుంది. కళ్లు, ముక్కు, నోరు, గడ్డం, అన్నీ కనిపిస్తాయి.

అయితే ఒక షరతు ఉంది. నేను ఎప్పుడూ డైలాగు చెప్పిన దాన్ని కాదు కాబట్టి, మొదటి రోజు తీసి చూస్తారు. కుదరకపోతే హైదరాబాద్‌లో ఉన్న ఇంకో నటి ఆ వేషం వేస్తుంది. ఆమె కూడా మాతోనే వస్తుంది. అప్పుడు నాకు మిగిలేది మళ్లీ విగ్గే. ఒక్క రోజే కదా, కారులో కూర్చుని చదవడమే కదా అనుకున్నాను. కళ్లు నెత్తికెక్కి ఉన్నాయి.

షూటింగు ఎక్కడో కాదు, మా వైపే. జామాయిల్ తోటల మధ్య ఎర్రమట్టి దారి, అక్కడ నుంచి వాగు మీది చప్టా, ఆ పైన అడవి. చిన్నప్పుడు నాయన జీపులో వెయ్యిసార్లు పోయిన దారి. నాయన చూడటానికి వస్తానన్నాడు.

"షూటింగ్ కాడికి రాకు. హాల్లనే జూడు, మొకం కనబడ్తది ఈసారి" అన్నాను.

"నిజంగనే?"

"నిజంగనే నాయనా."

"అయితే ఆదివారం అంగీ ఉతికిపెట్టుకుంట" అన్నాడు. విడుదలకు ఇంకా ఏడాది ఉందని చెప్పినా వినకుండా అదే రోజు ఉతికించాడట.

మాట్లాడే సీన్లలో కారును నిజంగా నడపరు. కారును ఎత్తు తక్కువగా ఉండే ట్రైలర్ మీద కట్టేసి ఇంకో బండితో లాగుతారు. బానెట్ మీద కెమెరా. హీరోయిన్ ఉత్తుత్తి స్టీరింగ్ తిప్పుతుంది, నేను పక్కన పుస్తకం చూసి చదవాలి. నడపడం వచ్చిన దాన్ని చదివే సీట్లో, రాని దాన్ని నడిపే సీట్లో కూర్చోబెట్టారని నాకు లోలోపల నవ్వొచ్చింది. ఆ నవ్వు మొదటి టేక్ దాకానే.

నా పుస్తకంలో రాసి ఉన్నది "లెఫ్ట్ త్రీ, రైట్ టూ". ముందు రోజంతా బట్టీ పట్టాను. కానీ బండి కదిలి, చెట్లు పక్కనుంచి పోతుంటే నా ఒళ్లు తన పని తాను చేసుకుంటుంది. చూపు మలుపు వైపే పోతోంది. నోరు మాత్రం రెండో పక్కది చెబుతోంది. కళ్లు అటు, మాట ఇటు. "కట్" అన్నాడు దర్శకుడు. మళ్లీ తీశారు. ఈసారి నోటిని సరిచేద్దామని చూస్తే కళ్లు తప్పాయి. మళ్లీ. దాని మీద ఆయన "కొంచెం లెఫ్ట్‌కు చూడమ్మా" అంటాడు. ఆయనకు లెఫ్ట్ అంటే కెమెరా వైపు నుంచి లెఫ్ట్, అంటే నాకు రైట్. ఇక నా బుర్రలో ఎన్ని పక్కలున్నాయో నాకే తెలియలేదు. ఒక టేకులో "లెఫ్ట్ రైట్ త్రీ" అన్నాను. ట్రైలర్ లాగే డ్రైవరు కూడా నవ్వాడు.

పదో టేకు దాటాక దర్శకుడు అరవలేదు. అరిచినా బాగుండేది. నా వైపు జాలిగా చూసి, "అరగంట టీ తాగుదాం" అన్నాడు. పక్కకు పోయి మేనేజరుతో ఏదో మెల్లగా అన్నాడు. ఆ మేనేజరు రెండో నటి కూర్చున్న వ్యాన్ వైపు నడిచాడు. కాసేపటికి ఆమె కిటికీ దగ్గర మేకప్ అద్దం చుట్టూ లైట్లు వెలిగాయి.

నాకు ఒళ్లు మండిపోయింది. ఆమె మీద కాదు, పాపం ఆమేం చేసింది? నా నోటి మీద. ఎనిమిదేళ్లు చూసి చూసి ముఖం కనబడే రోజు వస్తే, రెండు మాటలు పలకలేక పోగొట్టుకుంటున్నాను. నాయన అంగీ గుర్తొచ్చింది. ఇంకో నిమిషం అక్కడే నిలబడితే అందరి ముందూ ఏడుస్తానని, స్టంట్ల కోసం పక్కన పెట్టిన అసలు ర్యాలీ కారు దగ్గరికి పోయి ఎక్కాను. నాకు కోపం దిగాలంటే బండి నడపాలి. స్టార్ట్ చేస్తుంటే పక్క తలుపు తెరుచుకుంది. హీరోయిన్.

ముంబై అమ్మాయి. తెలుగు అక్కడక్కడా తప్ప రాదు. కార్లంటే భయమని పొద్దున కలవగానే నాతో దాచకుండా చెప్పింది. అందుకే ఆమె మీద నాకు మంచి అభిప్రాయం. "నేనూ వస్తాను. నిజంగా ఎలా ఉంటుందో ఒక్కసారి చూడాలి" అని హిందీలో అంటూ బెల్టు పెట్టుకుంది. దిగమనే ఓపిక నాకు లేదు. బండి వదిలాను.

ఆ దారి మీద నేను ఎలా నడిపానో ఇక్కడ రాయను, మళ్లీ గొప్పలంటారు. కోపంలో ఉన్నప్పుడు నేను గొణుక్కుంటానట. నాకు తెలియదు, ఆమె చెప్పేదాకా. చప్టా దాటి బండి ఆపాక చూస్తే ఆమె ముఖం తెల్లగా పాలిపోయి ఉంది. కానీ కళ్లు మెరుస్తున్నాయి.

"నువ్వు ఏమంటున్నావు దారంతా? దాప, ఎలప?"

"ఏం లేదు. ఊరికే."

"ఊరికే కాదు. దాప అంటే ఇటు. ఎలప అంటే అటు" అని రెండు చేతులూ సరిగ్గా ఆ పక్కలకే చూపించింది. "మూడో మలుపుకే నాకు తెలిసిపోయింది. ముందే పట్టుకుని కూర్చున్నాను. అక్కడ కూడా ఇదే చెప్పొచ్చు కదా!"

ర్యాలీల్లో ఏళ్ల తరబడి వాడిన మాటలు సినిమాలో చెప్పొచ్చని నాకు ఒక్కసారి కూడా తట్టలేదు. సినిమా అంటే చదువుకున్న మాటలే మాట్లాడాలని, మా మాటలు ఇంట్లో విడిచి రావాలని నేనే అనుకున్నాను. అలా ఎవరూ నాకు చెప్పలేదు.

తిరిగి వచ్చి ఆమే దర్శకుడితో మాట్లాడింది. ఆయన తల అడ్డంగా ఊపాడు. "బాగానే ఉందండీ, కానీ జనానికి అర్థం కాదు. సిటీలో కుర్రాళ్లకు దాప అంటే ఏం తెలుసు? నాకే తెలీదు."

"నాకు తెలుగే తెలీదు" అంది ఆమె. "నాకు మూడు మలుపుల్లో వచ్చింది."

దర్శకుడు నా వైపు తిరిగాడు. నేను వినయం నటించలేదు. "ఒక్క టేక్ ఇవ్వండి సార్. అది కూడా పాడైతే నేనే దిగిపోయి, విగ్గు పెట్టుకుంటా" అన్నాను. ఆయన గడియారం చూసుకుని, వ్యాన్ వైపు చూసి, "ఒక్కటే" అన్నాడు.

పుస్తకం మూసేశాను. ఆ దారికి నాకు పుస్తకం ఎందుకు? ట్రైలర్ కదిలింది. "దాప మూడు. ఎలప రెండు, గుంత. చప్టా, చప్టా, నీళ్లున్నయ్! దాప ఐదు, పొడుగు. మిట్ట మీద ఎక్సిలేటర్ ఇడువకు, ఇడువకు, ఎలప ఒకటి!" ఎక్కడ ఊపిరి పీల్చానో తెలియదు. పక్కన హీరోయిన్ నటించడం మానేసి నిజంగానే భయపడుతూ తిప్పింది. కట్ అనలేదు. దారి అయిపోయి ట్రైలర్ ఆగినా ఎవరూ కట్ అనలేదు. ట్రైలర్ డ్రైవరు దిగి వచ్చి, "అక్కా, మాది ఏన్కూరు. మా తాత గిట్లనే అంటుండె" అన్నాడు. అప్పుడు దర్శకుడు కట్ అన్నాడు. ఆ తర్వాత ఇంకో టేక్ తీశారు, జాగ్రత్త కోసం. కథ మొదట్లో దాప అంటే ఏమిటో చెప్పే ఒక్క డైలాగు కూడా ఆ రోజే రాసుకున్నారు.

డబ్బింగ్‌లో మళ్లీ చిన్న గొడవ జరిగింది. నా గొంతు గరుకుగా ఉందని ఒక డబ్బింగ్ ఆర్టిస్టును పిలిచారు. ఆమె గొంతు తేనె. కానీ "ఎలప ఒకటి" అని ఎంత తియ్యగా అందంటే, మలుపు దగ్గర పూలు పెట్టి ఉన్నాయేమో అనిపించింది. నేను సౌండ్ ఇంజనీర్‌ను పక్కకు జరిపి మైకు ముందు నిలబడ్డాను. నన్ను అక్కడి నుంచి జరిపే ధైర్యం ఎవరికీ లేకపోయింది.

సినిమా విడుదలైన మూడో రోజు నాయనను కొత్తగూడెం తీసుకుపోయాను, మ్యాట్నీకి. అమ్మ రాలేదు. ప్రార్థన చేస్తానంది. సినిమా బాగా ఆడాలని కాదట, మేము క్షేమంగా తిరిగి రావాలని. నాయన తెల్ల అంగీ తొడుక్కుని, హాలు గుమ్మంలో తళతళలాడే నేల చూసి చెప్పులు విడవాలా అని అడిగాడు. అక్కర్లేదని చెప్పి, లోపలికి తీసుకుపోయి నా పక్కన కూర్చోబెట్టాను. ఆయనకు ఎడమ వైపు నేను. ఇది రాయడానికి కూడా ఒకసారి లేచి నిలబడి చూసుకున్నాను.

నా ముఖం వచ్చింది. అంత పెద్ద తెర మీద నా కళ్లు, నా ముక్కు, కోసేయని గడ్డం. పక్కన కుర్రాళ్లు ఈల వేశారు. నేను తెర చూడటం మానేసి నాయన వైపు తిరిగాను. ఎనిమిదేళ్లు ఎదురుచూసింది ఆయన చూడటం చూడాలనే కదా.

ఆయన కళ్లు తెర మీదే ఉన్నాయి. "దాప మూడు" అని నా గొంతు వినిపించగానే ఆయన భుజం కదిలింది. "ఎలప రెండు" అనగానే కుడికాలు నేలను తొక్కింది, బ్రేకు. ఎడమ చెయ్యి గాలిలో ఏదో వెతికి నా మణికట్టు దొరకబుచ్చుకుంది. దాన్ని వెనక్కి లాగాడు, ముందుకు తోశాడు, మళ్లీ లాగాడు. గేరు మారుస్తున్నాడు. ఎలప ఒకటి దగ్గర కాలు ఎంత గట్టిగా తొక్కాడంటే చెప్పు జారి ముందు వరుసలోకి పోయింది. మలుపు తిరిగాక ఊపిరి వదిలాడు.

ఇంటర్వెల్‌లో చెప్పు వెతికి తెచ్చి ఇచ్చి అడిగాను.

"ఎట్లుంది నాయనా నా మొకం?"

ఆయన తడబడ్డాడు. తప్పు చేసిన మనిషి లాగా తల గోక్కున్నాడు.

"మొకం యాడ జూసిన బిడ్డా? నువ్వు జెప్తాంటే నేను రోడ్డు జూసుకుంట వోయిన."

నాకు పట్టరాని కోపం వచ్చింది. ఎనిమిదేళ్లు! విగ్గులు, గడ్డం కోసం ఏడుపు, పది టేకులు, అంతా ఈయన నా ముఖం చూడాలని. ఈయన రోడ్డు చూశాడట! కోపంతో పాటే కన్నీళ్లు కూడా వచ్చాయి. అవి కోపానివి కావని నాకు తెలుసు. నా మాట మీద ఒక మనిషి కళ్లు మూసుకున్నంత నమ్మకంతో బండి నడిపాడు. ఆ మనిషే నాకు బండి నేర్పినవాడు.

అయినా వదల్లేదు. సినిమా అయిపోగానే మళ్లీ ఫస్ట్ షోకి టికెట్లు కొన్నాను. ఒట్లు పెట్టుకోవడం మాలో లేదు కాబట్టి మాట తీసుకున్నాను, ఈసారి ముఖమే చూడాలని. తప్పకుండా చూస్తానన్నాడు. కళ్లజోడు తీసి అంగీ అంచుతో శుభ్రంగా తుడిచి పెట్టుకున్నాడు. లైట్లు ఆరిపోయాయి. మొదటి మలుపు ఇంకా రాకముందే ఆయన ఎడమ చెయ్యి నా మణికట్టు మీదికి వచ్చింది.